దూలం బెజ్జంలో మూసీ మట్టి

హైదరాబాద్ జుమేరాత్ బజార్‌లో పాత తలుపు ఎంతని అడిగితే ముందు ధర చెప్తారు. మనం మొహం చిట్లిస్తే తర్వాతి మాట వస్తుంది: "తుగ్యానీ కా మాల్ హై సాబ్." 1908 సెప్టెంబరు 28న మూసీకి వచ్చిన వరదను పాతబస్తీలో తుగ్యానీ అంటారు. సుమారు 15,000 మంది పోయారని చెప్పే వరద అది. కోల్సావాడి, ఘాన్సీబజార్, అఫ్జల్‌గంజ్ లాంటి చోట్ల ఇళ్లకు ఇళ్లే నేలమట్టమయ్యాయి. అమ్మేవాడు కావాలని అబద్ధమాడుతున్నాడని కాదు, అతనికి అమ్మినవాడూ ఆ మాటే చెప్పి ఉంటాడు. కూలిన ఇంట్లో మిగిలిన టేకు దూలాన్ని ఈ ఊళ్లో ఎవరూ బురదలో వదిలేయరు కాబట్టి అలాంటి సామాను ఎక్కడో ఒకచోట ఉండే ఉంటుంది. మన ముందున్న ముక్క అదేనా అన్నదే చిక్కు.

ఒక సంగతి మొదటే తెలియాలి. రెండు రోజుల నీళ్లు టేకు మీద దాదాపు ఏ గుర్తూ మిగల్చవు. టేకులో సహజంగా నూనె ఉంటుంది. తడుస్తుంది, ఆరుతుంది, అంతే. ఇనుప మేకు చుట్టూ నల్లగా దిగిన మచ్చ చూపించి "వరద నీళ్లు తాగింది" అంటే నమ్మకండి. తుప్పు, చెక్కలోని వగరు పదార్థం కలిస్తే ఆ నలుపు వస్తుంది. కారే పెంకుల కింద నాలుగు వానాకాలాలు గడిచినా అదే మచ్చ పడుతుంది. కాబట్టి నీటి గుర్తు కోసం వెతకడం దండగ. చూడాల్సినవి మూడు: చెక్క తన మొదటి చోటు నుంచి ఎలా ఊడింది, చీపురు అందని లోతులో ఏ మట్టి ఉంది, ఆ ఇంటివాళ్లు అడగకుండానే ఏం చెప్తారు.

అంతకంటే ముందు, కొట్టు దగ్గరే అయిదు నిమిషాల్లో చాలా సరుకును పక్కన పెట్టేయొచ్చు. ఒక టార్చి, నగల పనివాళ్లు వాడే పది రెట్ల భూతద్దం, చిన్న అయస్కాంతం, 365 నానోమీటర్ల యూవీ టార్చి జేబులో ఉంటే చాలు. ఏది 1908 తర్వాత పుట్టిందో తెలిస్తే సగం పని అయిపోతుంది. నెత్తిన ప్లస్ గుర్తున్న స్టార్ మరలు 1930ల నాటివి. టాటా ముద్ర ఉన్న గడ్డరు వరదను చూసే అవకాశమే లేదు, జంషెడ్‌పూర్‌లో ఉక్కు తీయడం మొదలైందే 1912లో. డార్మన్ లాంగ్ అని ఉబ్బెత్తు అక్షరాలున్న సీమ గడ్డరైతే వెంటనే కొట్టిపారేయలేం, అలాగని అది దేనికీ రుజువూ కాదు. స్టెయిన్‌లెస్ స్టీలు 1913 నాటిది. అడుగున చెకోస్లొవేకియా అని ఉన్న ఎనామెల్ పళ్లెం ఎంత ముచ్చటగా ఉన్నా సరే, ఆ దేశం పుట్టిందే 1918లో. ఇత్తడి గొళ్ళేనికి అయస్కాంతం అతుక్కుంటే అది ఇనుము, పైన పూత.

ఇక్కడ తొందరపడి పొరపాటు చేసేవాళ్లే ఎక్కువ. తలుపుకి స్టార్ మర కనిపించిందని తలుపునే వదిలేయకూడదు. నూరేళ్లలో కీళ్లు మార్చని తలుపు ఎక్కడుంది? ఆ మర పక్కన పూడ్చేసిన పాత బెజ్జాలున్నాయా అని చూడాలి. కొలమానం చెక్కే, దానికి బిగించిన ఇనుము కాదు. చెక్క వెనక వైపు, అంటే చిత్రిక పట్టని వైపు, టార్చిని పక్కవాటంగా పెట్టి చూస్తే రంపం గీతలు తేలుతాయి. తిన్నగా ఉండి కొద్దికొద్దిగా వాలు మారే గీతలైతే చేతి రంపం. విల్లులా వంగిన గీతలైతే గుండ్రటి మిషన్ రంపం. మిషన్ రంపాలు 1908కి ముందూ ఉన్నాయి కాబట్టి వంపు గీతలు కనిపించినంత మాత్రాన తీర్పు చెప్పలేం. చేతి గీతలు మాత్రం కాస్త ధైర్యాన్నిస్తాయి.

ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టు వరదలో సుమారు 150 మందిని కాపాడిందని అందరికీ తెలుసు. ఆ పేరు చెప్పి "ఆ చెట్టు మొద్దే" అని మాంసం కొట్టే మొద్దు చూపించేవాళ్లూ ఉన్నారు. చింతమొద్దు మాంసం దుకాణాల్లో మామూలే, ఆ చెట్టేమో ఇంకా నిలబడే ఉంది. కొమ్మ ముక్క అయి ఉండొచ్చుగా అని వాదిస్తే నవ్వి ఊరుకోవడమే.

నాణేల విషయంలో తేల్చుకోవడం అన్నిటికంటే సులువు, ఎందుకంటే తేదీ దాని మీదే ఉంటుంది. వరద నాటికి నడుస్తున్న హిజ్రీ సంవత్సరం 1326. వరద నాటి నిజాం మహబూబ్ అలీ పాషా కాలపు చార్మినార్ వెండి రూపాయి మీద ఉర్దూ అంకెలు చదవడం పది నిమిషాల్లో వచ్చేస్తుంది. 2కి పైన ఒక పన్ను, 3కి రెండు పళ్లు. 6 అద్దంలో చూసిన మన 7లా ఉంటుంది. 7 విచ్చుకున్న రెండు వేళ్లలా ఉంటుంది. 5 గుండ్రంగా సున్నాలా కనిపిస్తుంది, అసలు సున్నా ఉత్త చుక్క. ఈ ఒక్కటి గుర్తుండక 1325ను 1320గా చదివేవాళ్లున్నారు. చివర విచ్చుకున్న వేళ్లు, అంటే 1327 కనిపిస్తే ఆ నాణెం వరద తర్వాతిది. ఇంకో గుర్తు చార్మినార్ బొమ్మ నడిమి ద్వారంలో ఉంటుంది. అందులో ఉర్దూ మీమ్ అక్షరం ఉంటే మహబూబ్ అలీ, ఐన్ ఉంటే ఆయన తర్వాతి నిజాం ఉస్మాన్ అలీ. ఐన్ ఉన్న నాణేన్ని "వరదలో దొరికిన కుండలోది" అని అమ్మితే నవ్వొస్తుంది. ఆ రూపాయి 11.18 గ్రాములు తూగాలి, వెండి 81.8 శాతం. తేదీ సరిపోయినంత మాత్రాన వరద సంబంధం రుజువైనట్టు కాదు. వెండి నల్లబడటానికి బురదే అక్కర్లేదు, పెట్టెలో పడున్నా నల్లబడుతుంది. చింతపండు పెట్టి తోమిన నాణెం మీద చూడటానికి ఇంక ఏమీ మిగలదు. అందుకే నాణేల మీద ఎక్కువ సమయం పెట్టొద్దంటాను.

కాగితాలది వేరే కథ. నిజాం కాలపు దస్తావేజులకు ఫసలీ తేదీలుంటాయి, అంటే అప్పటి సర్కారు లెక్కల ఏడాదివి. ఫసలీ సంవత్సరానికి 590 కలిపితే అది మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది, ఏడాది అక్టోబరు మొదటి వారంలో మారుతుంది. 1317 ఫసలీ అంటే 1907 అక్టోబరు నుంచి 1908 అక్టోబరు దాకా. వరద వచ్చింది ఆ ఏడాది చివరి నెల ఆబాన్‌లో. కాబట్టి 1318 అని రాసిన కాగితం మీద ఎంత గోధుమరంగు నీటి గీత ఉన్నా అది ఈ వరద గీత కాదు.

తడిసిన ఉర్దూ పుస్తకం దొరికితే అచ్చునూ చేతిరాతనూ పక్కపక్కనే పెట్టి చూడండి. రాతి పలక మీంచి తీసే లిథో అచ్చు సిరా జిడ్డుది, నీళ్లకు కదలదు. అంచుల్లో కలంతో రాసుకున్న నల్ల సిరా మసి, తుమ్మబంక కలిపి చేసిందైతే జిగురు కరిగి అక్షరం పక్కకు పారుతుంది. అచ్చు చెక్కుచెదరక, పక్కన చేతిరాత బూడిదరంగు మబ్బులా వ్యాపిస్తే ఆ పుస్తకం నిజంగా నానింది. ఎప్పుడు నానింది అంటే మాత్రం చెప్పలేం. 2000 ఆగస్టులో, 2020 అక్టోబరులో కూడా ఈ నగరంలో ఇళ్లు మునిగాయి. పాతబస్తీ నుంచి వచ్చే తడి పుస్తకం అయిదారేళ్ల కిందటే తడిసి ఉండొచ్చు. పేజీల మడతలో ఆరిన మట్టిని భూతద్దంతో చూడండి. నైలాను పోగు, మెరుపు పొడి, పాలిథిన్ తునక ఏది కనిపించినా సంచీలో పెట్టి తిరిగి ఇచ్చేయండి. అఫ్జల్‌గంజ్‌లో మూసీ ఒడ్డునే ఉంది కాబట్టి ఆసఫియా లైబ్రరీ (ఇప్పటి రాష్ట్ర కేంద్ర గ్రంథాలయం) పుస్తకమంటే వరద పుస్తకమే అనుకునేవాళ్లకు ఒక మాట. ఆ గ్రంథాలయం ఆ భవనంలోకి వచ్చింది 1936లో. ఒడ్డున కనిపించే హైకోర్టు, ఉస్మానియా ఆసుపత్రి భవనాలు కూడా వరద తర్వాత కట్టినవే.

వరద ఫోటోలు చాలా తిరుగుతుంటాయి. రాజా దీన్‌దయాళ్ స్టూడియో తీసినవి నిజంగా ఉన్నాయి, వాటి నకళ్లు అంతకు వంద రెట్లు. భూతద్దం కింద చుక్కలు చుక్కలుగా కనిపిస్తే అచ్చు వేసిన బొమ్మ. యూవీ వెలుగులో కాగితం నీలంగా మండితే అందులో తెలుపు మెరిపించే రసాయనం కలిసింది, అంటే దాదాపు 1950 తర్వాతి కాగితం. ఇదే పరీక్ష బట్టల మీద చేస్తే మోసపోతారు. నూరేళ్ల చీరైనా సరే, ఈనాటి సర్ఫుతో ఒక్కసారి ఉతికితే నీలంగా మెరుస్తుంది.

ఇక అసలు సరుకు, చెక్క.

వెతకాల్సిన చోటు వీధి గుమ్మం కాదు. వరద సామానుతో కట్టుకున్న ఇంట్లో పాత దూలాన్ని చుట్టాలకు కనిపించే చోట పెట్టరు. స్నానాల గది గుమ్మం పైన, వంటింటి అటక కింద, గొడ్ల కొట్టంలో, మెట్ల కింద అరలో పెడతారు. 1912లో ఏర్పడ్డ సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఒడ్డు పొడవునా చాలా జాగా ఖాళీ చేయించింది కాబట్టి నది పక్కన వెతకడం కంటే కాస్త మెరకన 1909 తర్వాత పదిపదిహేనేళ్లలో కట్టిన ఇళ్లు కూలుస్తున్నప్పుడు వెళ్లడం మేలు. కూల్చే కాంట్రాక్టరు టేకును ఘనపుటడుగుల లెక్కన అమ్ముతాడు, డిపోకి చేరాక మేకులు పీకి చిత్రిక పట్టించేస్తారు. మీకు కావాల్సిన గుర్తులన్నీ ఆ చిత్రికతో పోతాయి. కాబట్టి లారీ ఎక్కకముందే చూడాలి.

ఒకసారి వాడిన దూలాన్ని మళ్లీ వాడారని పసిగట్టడం కష్టమేం కాదు. ఏ చెక్కా దిగని ఖాళీ బెజ్జం ఉత్తి గోడ వైపు తిరిగి ఉంటుంది. చెక్కిన పువ్వుల వరుస సగం పువ్వు దగ్గర తెగుతుంది. మసి పట్టిన ముఖం గోడ లోపలికి దూరి ఉంటుంది. అయితే మళ్లీ వాడినంత మాత్రాన వరద చెక్క కాదు. రోడ్డు వెడల్పుకీ, బోర్డు పనులకీ కూల్చిన ఇళ్ల కలప కూడా ఇలాగే తిరిగింది. తేడా తెలిసేది విరుపు దగ్గర.

వడ్రంగి ఇల్లు విప్పితే సీల కొట్టి తీసి, బెజ్జంలో దిగిన కొసను చెక్కుచెదరకుండా బయటికి లాగుతాడు. అది రాకపోతే రంపంతో కోస్తాడు, అప్పుడు కోత నున్నగా ఉంటుంది. ఇల్లు దానంతట అది కూలితే సీల విప్పేవాడు ఉండడు. దూలం పడిపోతూ ఆ కొసను విరిచేస్తుంది. బెజ్జంలో విరిగిన ముక్క అలాగే ఇరుక్కుపోయి, దాని గుండా చెక్క సీల ఇంకా దిగి ఉండి, విరిగిన చోట నార చీపురులా లేచి ఉంటే అది కూలిన ఇంటి చెక్క. ఆ నార మీద చేతి గోరంత మందాన సన్నటి మట్టి పట్టి, ఆ మట్టి సీల వెనక సందులోకి కూడా పోయి ఉంటే ఇక ఆ దూలాన్ని వదలకండి. పురుగులు పెట్టింది కాకపోతే, మట్టి నీళ్లలో కలిసి వస్తే తప్ప ఆ సందులోకి వెళ్లడం కష్టం. ఇలాంటిది నూటికి ఒకటి దొరికినా అదృష్టమే.

మట్టి తీసేముందు పక్కన స్కేలు పెట్టి ఫోటో తీయండి. ఇనుప కొక్కెం వాడితే చెక్క గీరుకుపోయి పొడి కలుస్తుంది, వెదురు పుల్ల, పొడి కుంచె చాలు. మొదటి అరంగుళం ఈ మధ్య పడిన దుమ్ము, దాన్ని వేరే కాగితంలోకి తీయండి. అసలు నమూనా అంతకంటే లోపలిది. ఒక చెంచా దొరికితే సగమే పరీక్షకు, సగం ముట్టుకోకుండా దాచాలి.

తెల్ల కాగితం మీద పోసి ముందు పురుగుల లెక్క తేల్చుకోండి. బెజ్జాల్లో దొరికే "మూసీ మట్టి"లో ఎక్కువ భాగం కుమ్మరి పురుగు, అంటే మట్టితో గూడు కట్టే కందిరీగ, గూడే. దర్జీలు వేలికి తొడిగే అంగుస్తానా ఆకారంలో గుల్లలు, వాటిలో ఎండిన సాలీళ్ల కాళ్లు కనిపిస్తే అదే. చెద మట్టి అయితే చిన్న చిన్న ఉండలు అంటించినట్టు గొట్టంలా ఉంటుంది. టేకు చేవను చెద ముట్టకపోయినా అంచున తెల్లచెక్క ఉంటే వదలదు. ఈ రెండూ కాకపోతేనే సీసా పరీక్ష.

గోడలు నిటారుగా ఉన్న 100 మిల్లీలీటర్ల గాజు సీసాలో ముప్పావు వంతు బ్యాటరీ నీళ్లు (డిస్టిల్డ్ వాటర్, యాసిడ్ కాదు) పోయండి. బోరు నీళ్లు పోస్తే అందులోని ఉప్పులకు బంకమట్టి ముద్దకట్టి చప్పున దిగిపోతుంది, ఇసుక ఎంతో బంక ఎంతో తేలదు. చాలామంది పరీక్ష చెడేది ఇక్కడే. అర చెంచా మట్టి, చిటికెడు బట్టల సోడా వేసి రెండు నిమిషాలు కుదిపి కదలని చోట పెట్టండి. అర నిమిషంలో అడుగుకు చేరేది ఇసుక. గంట, రెండు గంటల్లో దాని మీద మెత్తగా పరుచుకునేది ఒండ్రు. మర్నాటికీ నీళ్లు మురికిగానే ఉంటే బంకమట్టి ఉంది. వరద మట్టిలో ఈ మూడూ ఉంటాయి. ఇంటి దుమ్మైతే పైన వెంట్రుకలు, పోగులు తేలుతూ తెట్టు కడుతుంది. దూలానికి ఎప్పుడో నూనె పూసి ఉంటే మట్టి తడవక గింజలు గింజలుగా ఉండిపోతుంది, గిన్నెలు తోమే సబ్బు నీళ్లు ఒక్క చుక్క వేస్తే విడిపోతుంది. ఒక గింజ తీసి వెనిగర్ చుక్క వేస్తే బుసబుసా పొంగితే సున్నం. దానికి నిరాశపడనక్కర్లేదు, డంగు సున్నం గోడలు కరిగిన వరదలో సున్నం లేకపోతేనే ఆశ్చర్యం.

బంకమట్టి ఎందుకు చూడమంటున్నానంటే, ఆ వరద ఒక్క నదిది కాదు. మూసీకి నీళ్లిచ్చే ప్రాంతంలో అప్పట్లో 788 చెరువులుంటే వాటిలో 221 తెగాయి. తెగిన చెరువుల పూడికంతా ఊళ్లోకి వచ్చింది. పైన వికారాబాద్ వైపు నల్లరేగడి, ఎర్రటి జేగురు నేల, ఊరి చుట్టూ గ్రానైటు గరుకు ఇసుక. అడుగున మెరిసే గరుకు గింజలు, పైన నల్లటి మెత్తటి పొర ఉంటే కథ పొసుగుతోందని అనుకోవచ్చు. అంతకంటే ఎక్కువ అనకూడదు, ఏ చెరువు కట్ట పక్కన కూలిన ఇల్లైనా ఇలాంటి మట్టే ఇస్తుంది. కార్బన్ పరీక్ష చేయిస్తే తేలిపోతుందిగా అంటారు. 1650 నుంచి 1950 దాకా ఆ లెక్క ఒక తేదీ దగ్గర నిలవదు, రెండు మూడు కాలాలు చూపించి వదిలేస్తుంది. పైగా అది చెట్టు వయసు చెప్తుంది కానీ ఇల్లు కూలిన రోజు చెప్పదు. డబ్బు దండగ.

మిగిలింది ఇంటివాళ్ల మాట. "ఈ దూలం తుగ్యానీలో వచ్చిందా నానీ?" అని అడిగితే అవుననే అంటారు. మీ మొహంలో ఆశ చూసి కాదనడానికి మనసొప్పదు. "ఈ ఇల్లు ఎవరు కట్టించారు, అంతకుముందు ఎక్కడుండేవాళ్లు, ఈ గుమ్మం మిగతా వాటిలా ఎందుకు లేదు" అని అడగండి. వరద పేరు మీరు ఎత్తకూడదు. వాళ్లంతట వాళ్లే కోల్సావాడి అనో అఫ్జల్‌గంజ్ అనో అంటే ఆ మాట ఉన్నదున్నట్టు, అదే భాషలో, తేదీ వేసి రాసుకోండి. ఇద్దరిని విడివిడిగా అడిగితే ఇంకా మంచిది, ఒకే గదిలో అడిగితే పెద్దావిడ చెప్పిందే అందరూ చెప్తారు. పాత ఇంటి దస్తావేజు చూపిస్తే, తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో వెతకడానికి ఒక పేరు, ఒక వాడ దొరుకుతాయి.

కొన్నాక చేయకూడని పనులు కొన్ని. కడగొద్దు, పాలిష్ పెట్టొద్దు. పాత రంగును ఎమరీ కాగితంతో రుద్దొద్దు, అందులో సీసం ఉండొచ్చు, ఆ పొడి పిల్లలున్న ఇంట్లో ప్రమాదం. బూజు పట్టిన కాగితాలు విప్పేటప్పుడు ఎన్95 మాస్కు పెట్టుకోండి. 1908 నాటి వస్తువుకు నూరేళ్లు దాటాయి కాబట్టి 1972 నాటి పురావస్తువుల చట్టం పరిధిలోకి వచ్చే వీలుంది. అమెరికాలో ఉన్న అబ్బాయికి కానుకగా పంపుదామనుకుంటే ముందు పురావస్తు శాఖను అడగాలి.

మట్టి నమూనాను ప్లాస్టిక్ కవరులో పెడితే చెమ్మకు బూజు వస్తుంది. మడిచిన తెల్ల కాగితపు పొట్లం చాలు. పైన పెన్సిల్‌తో రాయండి, పెన్ను సిరా పారుతుంది: ఏ బెజ్జం, ఎంత లోతు, ఏ ఇల్లు, ఏ రోజు.